కట్ట వెనుక ఊరు

(గడియారం రామకృష్ణ శర్మ స్మారకోపన్యాస పాఠం)



శర్మగారి పేరిట మాట్లాడమంటే శాసనాల గురించో, ఆయన సాహిత్యం గురించో మాట్లాడతారని ఎవరైనా అనుకుంటారు. నేను నీళ్ల గురించి మాట్లాడదలిచాను. ఆనకట్టలు కట్టినప్పుడు ముంపు అంచున మిగిలిపోయే పాత ఊళ్ల గురించి, వాటిని కాపాడడమంటే అసలు ఏం చేయాలన్న దాని గురించి. ఆయన బతుకంతా ముడిపడిన అలంపురమే అలాంటి ఊరు. కాబట్టి ఇది ఆయన విషయమే.

శర్మగారు 1919లో పుట్టారు, 2006లో కన్నుమూశారు. 'సుజాత' పత్రిక నడిపారు, శిథిలాల్లో పడి ఉన్న శాసనాలను చదివారు, అలంపురంలో జోగులాంబ అమ్మవారికి మళ్లీ గుడి కావాలని పట్టుబట్టారు. ఆ గుడి 2005లో నిలబడడం కళ్లారా చూశారు. ఆత్మకథ 'శతపత్రము'కు సాహిత్య అకాడమీ పురస్కారం మాత్రం ఆయన పోయాక వచ్చింది. 1953లో ఆంధ్ర సారస్వత పరిషత్తు సభలను అలంపురానికి రప్పించడంలో ఆయన శ్రమ ఎంతో ఉంది. అప్పటి ఉపరాష్ట్రపతి రాధాకృష్ణన్ ఆ ఊరికి వచ్చారు. కాళోజీ 'నా గొడవ'ను శ్రీశ్రీ ఆవిష్కరించింది అక్కడే. ఒక మూలనున్న చిన్న ఊరు తెలుగు సాహిత్యానికంతటికీ ఆతిథ్యం ఇచ్చిందంటే, ఆ ఊళ్లో గుళ్లే కాదు, గుళ్లను చదివే మనుషులూ ఉన్నారన్నమాట. నా ఉపన్యాసమంతా ఈ రెండో సంగతి చుట్టూ తిరుగుతుంది.

అలంపురం తుంగభద్ర ఎడమ ఒడ్డున ఉంది. కాస్త దిగువకు వెళితే తుంగభద్ర కృష్ణలో కలుస్తుంది. బాదామి చాళుక్యుల కాలంలో, ఏడెనిమిది శతాబ్దాల్లో కట్టిన నవబ్రహ్మ ఆలయాలు అక్కడున్నాయి. తారకబ్రహ్మ, స్వర్గబ్రహ్మ, బాలబ్రహ్మ, గరుడబ్రహ్మ అని పేర్లు బ్రహ్మవే అయినా అన్నీ శివాలయాలు. శ్రీశైలానికి ఇది పశ్చిమ ద్వారం. గుళ్ల పక్కనే షా అలీ పహిల్వాన్ దర్గా ఉంది. విజయాదిత్యుని కాలపు శాసనమొకటి ఇక్కడ ఈశానాచార్యస్వామి ప్రాకారం కట్టించిన సంగతి చెబుతుంది. పదమూడు వందల ఏళ్ల కిందటే ఈ ఊరి గుళ్లకు ఒక గోడ అవసరమైంది. మన కాలంలో ఇంకో గోడ వచ్చింది. అది శ్రీశైలం నీళ్ల కోసం.

శ్రీశైలం ప్రాజెక్టుకు 1963లో నెహ్రూ శంకుస్థాపన చేశారు. జలాశయం నిండడం మొదలయ్యేసరికి 1980లు వచ్చాయి. పూర్తి నీటిమట్టం 885 అడుగులు. ఆ మట్టానికి నీళ్లు నిలిస్తే కృష్ణా, తుంగభద్రల్లో ఎంతో ఎగువ దాకా వెనక్కి తన్నుతాయి. పాత కర్నూలు, మహబూబ్‌నగర్ జిల్లాల్లో నూరు దాకా ఊళ్లు మునిగాయి. లక్షకు దగ్గరగా జనం కదలాల్సి వచ్చింది. అలంపురం ఆ నీటి అంచున పడింది. ఊరి చుట్టూ రక్షణగోడ, కరకట్ట కట్టి దాన్ని నిలిపారు. కృష్ణా తుంగభద్రల కూడలిలో ఉన్న కూడవెల్లి సంగమేశ్వరాలయాన్ని మాత్రం రాయి రాయికీ అంకె వేసి, విప్పి, అలంపురం తెచ్చి మళ్లీ నిలబెట్టారు. పాపనాశి గుళ్లనూ అలాగే తరలించారు. కర్నూలు జగన్నాథగట్టు మీది రూపాల సంగమేశ్వరాలయం, కొల్లాపురం వైపు జటప్రోలు మదనగోపాలస్వామి గుడి కూడా అదే పనిలో తరలివచ్చినవే. అంతకు ముందు నాగార్జునకొండ దగ్గర తవ్వకాలు జరిపి, కొన్ని కట్టడాలను కొండ మీదకు చేర్చిన అనుభవం మన పురావస్తు శాస్త్రజ్ఞులకు ఉంది. ఆ పనితనం గురించి ఎంత చెప్పినా తక్కువే. ఏ రాయి ఏ వరుసలోదో, ఏ అతుకు ఎటు తిరిగి ఉందో గుర్తు తప్పకుండా ఒక గుడిని ఇంకో నేల మీద నిలబెట్టిన శిల్పులకు, కూలీలకు, అధికారులకు మనం రుణపడి ఉన్నాం.

అయితే తరలించలేనిది ఒకటి ఉంది. సంగమేశ్వరుడు సంగమం దగ్గర ఉన్నందుకే ఆ గుడి అక్కడ పుట్టింది. ఇప్పుడా గుడి భద్రంగా ఉంది, సంగమం నీళ్ల కింద ఉంది. దిగువన సప్తనదుల సంగమంలో ఉన్న సంగమేశ్వరాలయాన్ని చూడండి. అక్కడిది వేపదారు లింగం. నీళ్లు దిగిన వేసవుల్లో గుడి బయటపడుతుంది, జనం పడవల మీదా నడిచీ వెళ్లి పూజలు చేస్తారు, వరద రాగానే మళ్లీ మునిగిపోతుంది. ఏడాదిలో కొన్ని వారాలే కనిపించే ఆ గుడి కోసం జనం కాచుకుని ఉండడం చూస్తే, తమ ఊరి చోటుతో మనుషులకుండే బంధం ఎంత గట్టిదో అర్థమవుతుంది.

రాళ్లకు అంకెలు వేసిన ఆ రోజుల్లోనే మనుషుల విషయంలో ఏం జరిగింది? 1981 వేసవిలో ముంపు ఊళ్లను ఖాళీ చేయించిన తీరు మన చరిత్రలో ఒక చీకటి పుట. జనం ఇళ్లు విడిచి కదలకపోతే ఇళ్లు కూల్చారు. దూలాలు, తలుపులు, గుమ్మాలు బండ్ల మీద వేసుకుని, ఎటు పోవాలో తెలియకుండానే కదిలిన కుటుంబాలున్నాయి. పరిహారం భూముల ధరకు సరిపోలేదు. భూమి లేనివాళ్ల సంగతి, అంటే కౌలుదారులు, కూలీలు, చేపలు పట్టేవాళ్లు, కుమ్మరులు, చాకళ్ల సంగతి పరిహారం లెక్కల్లో చాలావరకు లేనే లేదు. ఎన్నో ఆందోళనల తర్వాత 1986లో జీవో 98 వచ్చింది. ముంపు కుటుంబానికి ఒక ఉద్యోగం ఇస్తామని అందులో రాశారు. ఆ జీవో కింద ఉద్యోగం కోసం ఎదురుచూస్తూ వయసు మీరిన వాళ్లను మనం రెండు రాష్ట్రాల్లోనూ చూశాం. జీవో 98 నిర్వాసితులు అన్న మాట ఆ ప్రాంతంలో ఇప్పటికీ అందరికీ తెలుసు.

గుడిని తరలించినందుకు నేను ఎవరినీ తప్పుపట్టడం లేదు. గుడిని లెక్కపెట్టడానికి మనకు ఒక పద్ధతి ఉంది. కొలతలు తీస్తాం, శిల్పం ఏ శతాబ్దానిదో చెబుతాం, 1958 చట్టం కింద రక్షిత కట్టడంగా ప్రకటిస్తాం. ఊరిని లెక్కపెట్టే పద్ధతి మనకు లేదు. బొడ్రాయికి, పీర్లచావిడికి, కల్లాలకు, ఏ వీధి నుంచి ఏ ఊరేగింపు పోవాలన్న పెద్దల ఒప్పందానికి విలువ కట్టే గడి ఏ ముంపు జాబితాలోనూ ఉండదు. గడి లేనిది జాబితాలోకి రాదు. జాబితాలో లేనిది నీళ్ల కిందికి పోతుంది.

ఇక్కడ ఆనకట్టల రకాల గురించి కాస్త చెప్పాలి. శ్రీశైలం లాంటి సాగునీటి, విద్యుత్ ప్రాజెక్టు నిండుగా ఉండాలని చూస్తుంది. వరద నియంత్రణ కోసమే కట్టిన ఆనకట్ట దానికి పూర్తిగా వేరు. అది ఖాళీగా ఉండాలి. వరద వచ్చినప్పుడు నీటిని పట్టి ఉంచి, దిగువ ఊళ్లకు ప్రమాదం తప్పాక మెల్లగా వదలాలి. వినడానికి ఎంతో మేలైన పనిలా ఉంటుంది, మేలు కూడా. కానీ వరద మాయమవదు. దిగువ పట్నంలోకి పోవలసిన నీళ్లు ఎగువ ఊళ్ల పొలాల మీద నిలబడతాయి. మన రాజధానిలోనే దానికి ఉదాహరణ ఉంది. 1908 సెప్టెంబరులో మూసీ పొంగి హైదరాబాదులో వేలాదిమంది చనిపోయారు. మోక్షగుండం విశ్వేశ్వరయ్య సలహా మీద నిజాం ప్రభుత్వం మూసీ మీద ఉస్మాన్ సాగర్, ఈసీ మీద హిమాయత్ సాగర్ కట్టించింది. 1920లో ఒకటి, 1927లో మరొకటి పూర్తయ్యాయి. నగరం తేరుకుంది, తాగునీళ్లూ దొరికాయి. ఆ నీటి కిందికి పోయిన పొలాలు ఎవరివో, ఆ కుటుంబాలు తర్వాత ఎక్కడికి పోయాయో మన పాఠ్యపుస్తకాలు చెప్పవు. నగరవాసులు ఆ సంగతి తెలుసుకోవడం అవసరమని నా నమ్మకం.

వరద నియంత్రణ ఆనకట్ట ఒక చారిత్రక గ్రామాన్ని ఎలా ఇరకాటంలో పెడుతుందో, ఆ ఊరు ఎలా బయటపడిందో తెలియాలంటే అమెరికాలో ఒహాయో రాష్ట్రంలోని జోర్ అనే ఊరి కథ వినాలి. అలంపురం చదువరులకు ఈ కథ తెలిసి తీరాలని నా కోరిక.

జర్మనీలో వుర్టెంబెర్గ్ ప్రాంతంలో అధికారిక చర్చిని ఒప్పుకోనందుకు వేధింపులు పడ్డ కొందరు 1817లో అమెరికా చేరారు. జోసెఫ్ బైమెలర్ వాళ్ల నాయకుడు. టస్కరావస్ నది ఒడ్డున 5,500 ఎకరాలు అప్పు మీద కొన్నారు. అప్పు తీర్చడం కష్టమై 1819లో ఆస్తులన్నీ ఉమ్మడి చేసుకున్నారు. తమ భూమి గుండా పోయే ఒహాయో-ఈరీ కాలువను తామే తవ్వి ఆ డబ్బుతో అప్పు తీర్చారు. సంఘం ఎన్నికల్లో ఆడవాళ్లకూ ఓటు ఉండేది. 1853లో బైమెలర్ పోయాక సంఘం మెల్లగా సడలి, 1898లో ఆస్తులు పంచుకుని రద్దయింది. ఇళ్లు, బేకరీ, ఊరి నడుమ పెద్ద తోట మిగిలాయి. ఇప్పుడు జనాభా రెండు వందలు కూడా ఉండదు.

1913 మార్చిలో ఒహాయోలో భయంకరమైన వరద వచ్చింది. నాలుగు వందల మందికి పైగా పోయారు. దాని తర్వాతనే అక్కడ నదీ పరీవాహకాన్ని మొత్తంగా చూసి వరదను అదుపు చేయాలన్న ఆలోచన బలపడింది. 1933లో మస్కింగమ్ పరీవాహక సంస్థ ఏర్పడింది. వరస ఆనకట్టలు కట్టారు. అందులో డోవర్ డ్యామ్ జోర్‌కు దిగువన ఉంది. మామూలు రోజుల్లో నది దాని గుండా సాగిపోతుంది. పెద్ద వరద వస్తే మాత్రం నీళ్లు వెనక్కి ఎక్కి జోర్ పొలిమేర దాకా వస్తాయి. ఊరిని ఖాళీ చేయించకుండా చుట్టూ మట్టి కట్ట వేశారు. దిగువ పట్నాల కోసం పట్టి ఉంచిన నీళ్లు ఈ ఊరి మీద పడకుండా ఈ కట్ట ఆపాలి.

డెబ్బై ఏళ్లు గడిచాయి. 2005 జనవరిలో నీళ్లు ఎన్నడూ లేనంత ఎత్తుకు చేరాయి. కట్ట పాదం దగ్గర ఊట మొదలైంది. ఊటతో పాటు ఇసుక పైకి పొంగింది. మన చెరువుల కింద పనిచేసే నీరటికాడికి ఇది చెప్పనక్కర్లేదు. కట్ట కింద నుంచి తేట నీరు వస్తే కొంత ఓర్చుకోవచ్చు, ఇసుక కలిసి వస్తే మాత్రం లోపల కట్టను తొలుచుకుపోతోందని అర్థం. 2008లో మళ్లీ అదే జరిగింది. అత్యవసరంగా రాళ్లు పోశారు. 2011లో అమెరికా ఆర్మీ ఇంజనీర్ల దళం పూర్తి అధ్యయనం మొదలుపెట్టింది. వాళ్లు పరిశీలించిన మార్గాల్లో కట్టను బాగుచేయడం ఒకటి. కట్ట తీసేసి ఊరిని మరోచోటికి మార్చడం, లేదా ఇళ్లు కొనేసి కూల్చేయడం కూడా ఆ జాబితాలో ఉన్నాయి. కట్ట బాగుచేయడానికి పెట్టే డబ్బు ఊళ్లోని ఆస్తుల వెలకన్నా ఎక్కువయితే, లెక్క ప్రకారం ఊరిని తీసేయడమే చవక. ఆ లెక్కలో జోర్ దాదాపు ఓడిపోవాలి.

ఓడిపోలేదు. ఊరివాళ్లు ఊరుకోలేదు. 2012లో అమెరికా చారిత్రక పరిరక్షణ జాతీయ ట్రస్టు దేశంలో ప్రమాదంలో ఉన్న పదకొండు స్థలాల జాబితాలో జోర్‌ను చేర్చింది. అక్కడ 1966 నాటి చట్టం ఒకటి ఉంది. ప్రభుత్వ సంస్థ ఏ పని చేసినా దానివల్ల చారిత్రక స్థలానికి ఏం జరుగుతుందో ముందే తేల్చాలి, ఊరివాళ్ల మాట, పరిరక్షకుల మాట వినాలి. ఆ చట్టం వల్ల ఇంజనీర్లు కట్ట మట్టినే కాక ఊరిని కూడా అధ్యయనం చేయవలసి వచ్చింది. జోర్ ప్రజలకు ఆ ఊరు ఏమిటి, ఆ ఊరు లేకపోతే ఏం పోతుంది అన్నది ఒక ప్రత్యేక నివేదిక అయింది. సభలు పెట్టారు, జనం మాట్లాడారు. 2013 నవంబరులో ఆర్మీ ఇంజనీర్ల దళం ఊరిని తరలించే ఆలోచనను పక్కన పెట్టేసింది. 2016లో జోర్‌కు జాతీయ చారిత్రక స్థలం హోదా వచ్చింది.

అక్కడ అన్నీ బాగున్నాయని నేను చెప్పడం లేదు. ఆ దేశంలోనే ఆనకట్టల కింద మూలవాసుల ఊళ్లు ఎన్నో మునిగాయి, వాళ్ల మాట ఎవరూ వినలేదు. జోర్‌కు తన కథను రాసిపెట్టుకున్న చరిత్ర ఉంది, పెద్దలను కదిలించగల స్నేహితులున్నారు. ఇదంతా ఒప్పుకుంటూనే చెబుతున్నాను: ఆ కథలో మనం తీసుకోవలసింది ఒకటి ఉంది. ఊరి విలువ అడిగే గడి ఒకటి చట్టంలో ఉంది. ఆ గడిని నింపగల మనుషులు ఊళ్లో ఉన్నారు. ఈ రెండూ ఉంటేనే కట్ట ఖర్చు లెక్క మారుతుంది.

మన చట్టం ఎక్కడుందో చూద్దాం. 2013 భూసేకరణ చట్టంలో సామాజిక ప్రభావ అంచనా అనే ఏర్పాటు ఉంది. భూమి తీసుకునే ముందు ఆ ఊరి బతుకుకు ఏమవుతుందో విచారించి, గ్రామసభల్లో చర్చించాలి. మంచి ఏర్పాటే. కానీ పర్యావరణ ప్రభావ అంచనా జరగవలసిన సాగునీటి ప్రాజెక్టులకు ఇది వర్తించదని అదే చట్టం మినహాయింపు పెట్టింది. ఎక్కువ ఊళ్లను ముంచేది ఏ ప్రాజెక్టులో వాటికే మినహాయింపు. పార్టీలతో పని లేకుండా మనమందరం కలిసి అడగవలసిన మొదటి మార్పు ఇది.

కట్ట కట్టిన తర్వాత సంగతికి వస్తాను. 2009 అక్టోబరు మొదటి వారంలో కృష్ణా తుంగభద్రలు పొంగినప్పుడు శ్రీశైలంలోకి 25 లక్షల క్యూసెక్కులకు పైగా నీళ్లు వచ్చాయి. 885 అడుగుల డ్యామ్‌లో మట్టం 896 దాటింది. కర్నూలు నగరం మునిగింది, రాజోలి మునిగింది. అలంపురంలోకి, గుళ్లలోకి నీళ్లు వచ్చాయి. కట్ట ఉన్న ఊరే అది. అప్పటి నుంచి నా మనసులో ఒక మాట నాటుకుపోయింది. రక్షణగోడ కట్టడంతో ఊరికి రక్షణ దొరికిందని మనం అనుకుంటాం. నిజానికి ఆ రోజు నుంచి ఆ ఊరు ఆ గోడ మీద ఆధారపడిన ఊరవుతుంది. ఆనకట్ట ఉన్నంత కాలం గోడను ఎవరో ఒకరు చూసుకోవాలి.

ఇంకో చిక్కు ఉంది. కట్ట బయటి నీళ్లను ఆపినట్టే లోపల కురిసిన వాననూ బయటికి పోనివ్వదు. భద్రాచలంలో ఉండేవాళ్లకు ఇది బాగా తెలుసు. 1986లో అక్కడ గోదావరి 75.6 అడుగులకు చేరింది. తర్వాత కరకట్ట వచ్చింది. 2022 జులైలో 71.3 అడుగుల దాకా వచ్చినా కట్ట ఊరిని నిలబెట్టింది. కానీ గోదావరి ఎక్కి ఉన్నప్పుడు స్లూయిస్ తలుపులు మూయాలి. అప్పుడు ఊళ్లోని వాన నీరు, మురుగు నీరు మోటార్లతో తోడితేనే పోతుంది. మోటారు ఆగితే రామాలయం చుట్టూ నీళ్లు చేరతాయి. పోలవరం నిండాక వెనకజలాలు ఎంత దాకా వస్తాయన్న భయం ఆ ఊరివాళ్లకు ఉండడం సహజం. వాళ్ల భయాన్ని రాజకీయం అని కొట్టిపారేయకుండా, కట్ట ఎత్తు, స్లూయిస్‌ల స్థితి, మోటార్ల సామర్థ్యం వాళ్ల ముందు పెట్టి మాట్లాడాలి.

2021లో ఆనకట్టల భద్రతా చట్టం వచ్చింది. వానకాలానికి ముందూ తర్వాతా డ్యామును తనిఖీ చేయాలని అంటుంది. డ్యామ్ వల్ల పుట్టిన ప్రతి ఊరికట్టకూ ఈ తనిఖీ తప్పనిసరి చేయాలి. ఆ నివేదికను ఏటా మే నెలలో ఊరి జనం ముందు తెలుగులో చదివి వినిపించాలి. ఊట ఎక్కడుంది, పోయిన ఏడాది చెప్పిన పనుల్లో ఏవి జరిగాయి, వరద వస్తే ఎవరు ఎవరిని లేపాలి, బాలబ్రహ్మ గుడి తాళం ఎవరి దగ్గర ఉంటుంది, దర్గా దగ్గర నిద్రించే ఫకీర్లను ఎవరు తీసుకురావాలి: ఈ వివరాలు ఇంజనీరు కాగితంలో ఉండవు, ఊరివాళ్లకే తెలుసు. ఇద్దరూ ఒకచోట కూర్చోవాలి. అలంపురం, భద్రాచలం లాంటి ఊళ్లలో కట్టను చూసుకునే కమిటీలో పూజారి, ముజావరు, బడిపంతులు, చేపలు పట్టేవాళ్లు, రైతులు, ఊరి ఆడవాళ్లు సభ్యులుగా ఉండాలని నేను ఇక్కడ ప్రతిపాదిస్తున్నాను.

రెండో ప్రతిపాదన మునిగిన ఊళ్లకు సంబంధించింది. శ్రీశైలం కింద పోయిన నూరు ఊళ్లకు ఒక్కొక్క దానికి ఒక్కో పుస్తకం కావాలి. శర్మగారు శాసనాలు చదవకుండా ఉంటే అలంపురం గురించి మనకు తెలిసింది సగం కూడా ఉండేది కాదు. నిర్వాసితుల్లో ఆ ఊళ్లను కళ్లారా చూసినవాళ్లు ముసలివాళ్లవుతున్నారు. వాళ్లు ఉండగానే ఊరి పటం గీయించాలి: చావడి ఎక్కడ, బావులు ఎన్ని, ఏ మిట్ట మీద ఏ దేవర, ఏ కులం వీధి ఎటు, బోనాలు ఏ దారిన పోయేవి, పీర్లు ఎక్కడ లేచేవి. రెండు రాష్ట్రాల విశ్వవిద్యాలయాల్లో చరిత్ర, తెలుగు శాఖల విద్యార్థులకు ఇది పరిశోధన అంశంగా ఇవ్వవచ్చు. నిర్వాసిత కాలనీల్లో పుట్టిన పిల్లలు తమ తాతల ఊరి పటాన్ని తామే గీస్తే ఇంకా మంచిది.

ఈ సభలో కొల్లాపురం నుంచి, ఆత్మకూరు నుంచి, కర్నూలు నుంచి వచ్చినవాళ్లున్నారు. మీ ఇంట్లో ముంపు ఊరి పాత పట్టా పాసుపుస్తకం గానీ, పరిహారం నోటీసు గానీ, పెళ్లినాడు ఊళ్లో తీసిన ఫొటో గానీ, పాత గుమ్మం మీద చెక్కిన పేరు గానీ ఉంటే పారేయకండి. బయట వరండాలో బల్ల దగ్గర ఇద్దరు విద్యార్థులు కూర్చుని ఉన్నారు. మీ ఊరి పేరు, మీ దగ్గర ఏముందో, ఎప్పుడు ఫోన్ చేస్తే మాట్లాడగలరో వాళ్లకు రాయించి వెళ్లండి. అసలు కాగితం మీ దగ్గరే ఉంటుంది, నకలు మాత్రమే తీసుకుంటారు. భోజనాలయ్యాక వాళ్లు సాయంత్రం దాకా అక్కడే ఉంటారు.